రక్తనాళ ఇంప్లాంట్లు, గ్రాఫ్టుల సమస్యలు: మెడికల్ కోడింగ్

స్టెంట్, బైపాస్ గ్రాఫ్ట్, డయాలసిస్ కోసం చేతిలో వేసిన గ్రాఫ్ట్, రక్తనాళంలో ఉంచిన కాథెటర్ వంటివి తెచ్చిపెట్టే సమస్యలకు రోగి రికార్డులో కోడ్ కేటాయించే పద్ధతి ఇది. ప్రపంచ ఆరోగ్య సంస్థ రూపొందించిన ఐసీడీ-10లో గుండె, రక్తనాళాల పరికరాల సమస్యలన్నీ టి82 అనే వర్గం కిందికి వస్తాయి. మూల వర్గీకరణలో టి82.0 నుంచి టి82.9 దాకా పది కోడ్‌లే. అమెరికా దాన్ని విస్తరించి, ఐసీడీ-10-సీఎం పేరుతో 2015 అక్టోబరు 1 నుంచి వాడుతోంది. అందులో ఈ వర్గం కోడ్‌లకు ఏడు స్థానాలుంటాయి. అమీర్‌పేటలో శిక్షణ తీసుకుని హైదరాబాద్ ఆఫీసుల్లో అమెరికా చార్టులు చదివే కోడర్లకు పరిచయమైనది ఈ రెండో రూపమే.

టి82లో మొదట తేల్చుకోవాల్సింది సమస్య ఏ తరహాదన్నది. పరికరం విరిగిందా, జరిగిందా, కారుతోందా? అయితే అది యాంత్రిక సమస్య. గుండె బైపాస్ కాని రక్తనాళ గ్రాఫ్టులవి టి82.3లో, డయాలసిస్ కాథెటర్‌వి టి82.4లో, మిగతా రక్తనాళ పరికరాలవి టి82.5లో ఉంటాయి. కవాటం కాకుండా మిగిలిన వాటికి ఇన్‌ఫెక్షన్ సోకితే టి82.7. గడ్డకట్టడం, సన్నబడటం, రక్తస్రావం, నొప్పి లాంటివి టి82.8 కింద విడివిడిగా ఉన్నాయి. పాత ఐసీడీ-9-సీఎంలో ఇంత వివరం లేదు. రక్తనాళ గ్రాఫ్టులో గడ్డకట్టినా, సన్నబడినా, నొప్పి పుట్టినా 996.74 అనే ఒకే సంఖ్య వేసేవారు. ఆ సంఖ్య చూసి రోగికి ఏమైందో చెప్పడం అసాధ్యం.

ఈ వర్గం కోడ్‌లు తరచుగా కనిపించేది డయాలసిస్ చార్టుల్లో. మూత్రపిండాలు పూర్తిగా విఫలమైన రోగి చేతిలోని గ్రాఫ్టు గడ్డకట్టిందని, దాన్ని తెరవడానికే చేర్చుకున్నామని డాక్టర్ రాశారనుకుందాం. ప్రధాన కోడ్ టి82.868ఎ. దాని వెనక చివరి దశ మూత్రపిండ వ్యాధికి ఎన్18.6, డయాలసిస్‌పై ఆధారపడి ఉన్నందుకు జెడ్99.2 వస్తాయి. చేరిక సమస్య కోసమే జరిగింది కాబట్టి సమస్య కోడే ముందు నిలవాలి. మూత్రపిండ వ్యాధి ఎంత పెద్దదైనా ఇక్కడ దానిది రెండో వరుసే. అదే గ్రాఫ్టుకు ఇన్‌ఫెక్షన్ వస్తే టి82.7 ఒక్కటే సరిపోదు. అందులో సూక్ష్మజీవి పేరు ఉండదు. మెథిసిలిన్‌కు లొంగని స్టెఫిలోకాకస్ ఆరియస్ అని కల్చర్ ఆధారంగా డాక్టర్ రాస్తే బి95.62 కూడా జోడించాలి.

రోగి సొంత ధమనినీ సిరనూ కలిపి కుట్టిన ఫిస్టులాలో ప్లాస్టిక్ ముక్క ఒక్కటీ ఉండదు. అయినా అది గడ్డకడితే కోడ్‌ల పుస్తకంలోని సూచిక పంపేది ఇదే టి82.868కి. వర్గం పేరులో ఇంప్లాంట్ అని ఉంది కదా అని వెనకాడితే ఆడిట్‌లో తప్పు పడుతుంది. మరోపక్క, హిక్‌మాన్, పిక్ లైన్ లాంటి సెంట్రల్ లైన్ల ఇన్‌ఫెక్షన్‌ను టి82లో వెతికినా దొరకదు, అది టి80.2లో ఉంది.

ఏడో స్థానంలోని ఎ, డి, ఎస్ అక్షరాలు కొత్తవాళ్లను బాగా తికమక పెడతాయి. 'ఎ' అంటే తొలి సందర్శన అని పుస్తకంలో ఉన్నా, దాని అసలు అర్థం ఆ సమస్యకు క్రియాశీల చికిత్స జరుగుతోందని. గ్రాఫ్ట్ మూడేళ్ల కిందట వేసినదైనా, రోగి మరో ఆసుపత్రి నుంచి బదిలీ అయి వచ్చినా, ఇన్‌ఫెక్షన్‌కు ఇప్పుడు చికిత్స చేస్తుంటే 'ఎ' యే. కోలుకునే దశకు 'డి', తర్వాత మిగిలిపోయిన పర్యవసానానికి 'ఎస్'. మధ్యలో స్థానాలు ఖాళీగా ఉంటే ఎక్స్ అక్షరంతో నింపుతారు. అందుకే గ్రాఫ్ట్ ఇన్‌ఫెక్షన్ కోడ్ టి82.7ఎక్స్‌ఎక్స్‌ఎ అయింది.

గుండె స్టెంట్ విషయంలో డాక్టర్ వాడిన ఒక్క మాటతో కోడ్ మారిపోతుంది. స్టెంట్ సన్నబడిందని రాస్తే టి82.855, గడ్డకట్టిందంటే టి82.867, మూసుకుపోయిందని మాత్రమే రాస్తే టి82.897. వీటిలో మొదటిది 2016 అక్టోబరు సవరణతో వచ్చింది. స్టెంట్ గడ్డకట్టడం వల్ల గుండెపోటు వస్తే దానికి ఐ21.ఎ9 వేసి, పక్కన టి82.867 చేర్చాలి. యాంజియో బొమ్మ చూసి ఇది గడ్డే అని కోడర్ సొంతంగా నిర్ణయించడానికి వీల్లేదు.

కాలి బైపాస్ గ్రాఫ్టులోనే కొవ్వు పేరుకుని నాళం బిరుసెక్కితే దాన్ని టి82లో వేయరు. అథిరోస్‌క్లిరోసిస్‌గా రాసినప్పుడు అది ఐ70.3 నుంచి ఐ70.7 లోపలికి వెళ్తుంది. గ్రాఫ్ట్ రోగి సొంత సిరా, కృత్రిమ పదార్థమా అన్నదాన్ని బట్టి అక్కడ కోడ్ మారుతుంది. గుండె బైపాస్‌దైతే ఐ25 వర్గం. గ్రాఫ్ట్ మూసుకుపోయిందన్న నోట్‌లో కారణం లేకపోతే ఏ వర్గానికి వెళ్లాలో తేలదు.

అమెరికా అధికారిక మార్గదర్శకాల ప్రకారం, చికిత్స తర్వాత జరిగిందల్లా చికిత్స సమస్య కాదు. పరికరానికీ రోగి స్థితికీ కార్యకారణ సంబంధం డాక్టర్ రాతలో కనిపించాలి, ఆ స్థితికి వైద్యపరంగా ప్రాధాన్యమూ ఉండాలి. 'సమస్య' అన్న మాటే ఉండి తీరాలని లేదు. బైపాస్ జరిగిన రోగికి జ్వరం వచ్చిందని ఉంటే అది గ్రాఫ్ట్ ఇన్‌ఫెక్షన్ కాదు. సంబంధం స్పష్టంగా లేకపోతే కోడర్ డాక్టర్‌కు క్వెరీ పంపాలి. అందులో చార్టులోని ఆధారాలు పెట్టి ప్రశ్న అడగాలే తప్ప, కావాల్సిన జవాబు ఆయన నోట్లో పెట్టకూడదు. పరికరం ఉండి, దానివల్ల ఏ ఇబ్బందీ లేని రోగికి టి82 అక్కర్లేదు. గుండె స్టెంట్ ఉందని తెలపడానికి జెడ్95.5, గుండె బైపాస్ అయితే జెడ్95.1 చాలు.