ఒక ఊరు, తొంభై ఏళ్ల కూలి లెక్క

మన పెద్దలు ఏ రాజు వెంట వచ్చారు, ఎన్ని కాణుల భూమి సంపాదించారు అని తరచు రాసుకుంటుంటాము. ఈ వారం ఆ భూమిలో దిగి పనిచేసినవాళ్ల కూలి గురించి రాస్తాను. నా బడి చదువంతా తమిళంలో సాగింది. మాట మోటుగా ఉంటే సర్దుకోండి.

1915లో గిల్బర్ట్ స్లేటర్ అనే ఇంగ్లీషు ఆర్థికశాస్త్రవేత్త మద్రాసు విశ్వవిద్యాలయానికి ఆచార్యుడిగా వచ్చాడు. పాఠాలు చెప్పి ఊరుకోలేదు. మరుసటి ఏడు విద్యార్థులను పల్లెలకు పంపి లెక్కలు తీయించాడు. భూమి ఎవరిది? కూలి ఎంత? అప్పు ఎంత? ఆ లెక్కలు 1918లో పుస్తకంగా వచ్చాయి.

అందులో ఒక ఊరు ఇరువేల్‌పట్టు, నాటి దక్షిణ ఆర్కాటు జిల్లాది. అక్కడి పెద్ద భూస్వాములు రెడ్డియార్లు, అంటే మన తెలుగు మూలం వాళ్లే. ఏడాది పొడవునా పొలంపని చేసేవాళ్లు పడియాళ్లు, ఎక్కువమంది దళితులు. మన మాటలో పాలేర్లు, కానీ అప్పుతో కట్టేసిన పాలేర్లు. పెళ్లికో పేరంటానికో యజమాని దగ్గర అప్పు చేస్తే, అది తీరేదాకా ఇంకొకరి దగ్గరికి పోవడానికి లేదు. కూలి ధాన్యంగా కొలిచేవారు. ఆ ధాన్యం తిండికే సరి, అప్పు అలాగే ఉండేది.

రైల్వేలో గుమాస్తాగా ఉన్నప్పుడు నేను గమనించింది ఒకటి చెబుతాను. ఒకే జీతం తీసుకునే ఇద్దరిలో ఒకరింట్లో ముగ్గురు సంపాదిస్తారు, మరొకరింట్లో ఒక్క జీతాన్ని ఆరుగురు తింటారు. జీతం లెక్క వేరు, ఇంటి ఆదాయం లెక్క వేరు. ఇరువేల్‌పట్టులోనూ అంతే. ఒకే కొలత ధాన్యం రెడ్డియారింట చిన్న ఖర్చు, పడియాళ్ ఇంట బతుకుతెరువు.

ఆ ఊరికి పరిశోధకులు మళ్లీ మళ్లీ వెళ్లారు. 1930లలో థామస్, రామకృష్ణన్. 1980లలో గుహన్, జోన్ మెంచర్. 2008లో జాన్ హారిస్, జయరంజన్, నాగరాజ్. చివరివాళ్లు చూసేనాటికి ఊరిమీద భూస్వామి కుటుంబం పట్టు సడలింది. వెట్టి నిర్మూలన చట్టం 1976లో వచ్చింది, కానీ చట్టం ఒక్కటే ఆ పని చేయలేదు. వ్యవసాయం బయట పని దొరికింది. రేషను బియ్యం వచ్చింది. తరువాత ఉపాధి హామీ వచ్చింది. యజమాని కొలిచే ధాన్యం లేకపోయినా పొయ్యి వెలుగుతుందన్న రోజున కూలివాడు "రాను" అనగలిగాడు. బేరం మొదలయింది అక్కడే.

ఇది మన కథ ఎలా అవుతుంది అంటారా? రెండు వైపులా మనవాళ్లున్నారు. కోవై, ఈరోడు వైపు ఇంట్లో తెలుగు మాట్లాడే అరుంధతియర్లు తరతరాలు పణ్ణైయాళ్లుగా పనిచేశారు. మన సంఘం చరిత్రలో వాళ్లకు ఒక పేజీ కూడా లేకపోతే అది సగం చరిత్రే.

అందుకే ఒక మనవి. మీ ఇంటి పెద్దవాళ్లను అడగండి: కూలి ఎన్ని పడులు కొలిచేవారు, ఆడమనిషికి ఎంత, డబ్బుగా ఎప్పుడు మారింది? ఇచ్చినవాళ్లూ చెప్పండి, తీసుకున్నవాళ్లూ చెప్పండి. అడగడానికి ఆ తరం ఇంకా ఎన్నాళ్లుంటుంది?