కొలంబియా తీరమున మిగిలిన మడ్డి

అమెరికా సంయుక్తరాష్ట్రముల వాయవ్యమూలను వాషింగ్టన్ అను రాష్ట్రము కలదు. రాజధానీ నగరమైన వాషింగ్టన్ వేరు. ఈ రెంటిని కలిపివేయుట మనలో చాలమందికి అలవాటు. ఆ రాష్ట్రమున కొలంబియా నది యొడ్డున 1943 వరకు హాన్‌ఫర్డు, వైట్‌బ్లఫ్సు అను రెండు చిన్న ఊళ్లు ఉండెను. చుట్టును ఎడారివంటి నేల. దానిని నదినీటితో తడిపి రైతులు పండ్లతోటలు పెంచుకొనిరి. వారికి ఎంతోముందునుండి వానపమ్ అను ఆదిమజాతివారు ఆ నదిలో సాల్మను చేపలు పట్టి జీవించుచుండిరి. 1943లో ప్రభుత్వము ఆ ప్రదేశమునంతను స్వాధీనము చేసికొనెను. కొందరికి దొరకిన గడువు నెలదినములే. ఎందుకని అడిగినవారికి యుద్ధావసరమని తప్ప వేరు సమాధానము రాలేదు.

చల్లని నదీజలము, గ్రాండ్ కూలీ ఆనకట్టనుండి విద్యుచ్ఛక్తి, చేరువలో పెద్ద నగరము లేకపోవుట—ఈ మూడును ఆ చోటికి చేటు తెచ్చినవి. 1944 సెప్టెంబరు 26న అచట 'బి' రియాక్టరు పనిచేయ నారంభించెను. పెద్దయెత్తున ప్లుటోనియము తయారుచేయుటకై నిర్మింపబడిన రియాక్టర్లలో లోకమున అదియే మొదటిది. 1945 ఆగస్టు 9న నాగసాకి నగరముపై పడిన బాంబులోని ప్లుటోనియము హాన్‌ఫర్డుదే. వేలకొలది పనివారిలో బహుకొద్దిమందికి తప్ప తాము చేయుచున్నది ఏమో హిరోషిమా వార్త వెలువడువరకు తెలియదు.

ఆ కథ మనము పలుమార్లు వినియున్నాము. మనము నేడు చెప్పుకొనదలచినది దాని వెనుక మిగిలిన మడ్డిని గూర్చి. రియాక్టరులో కాలిన యురేనియము కడ్డీలను నత్రికామ్లములో కరగించి, అందుండి ప్లుటోనియమును వేరుచేయవలెను. గింజంత సరకునకు గాదెడు ఊక మిగిలినట్లు, కొద్దిపాటి ప్లుటోనియమునకు లెక్కలేనంత రేడియోధార్మిక ద్రవము మిగులును. (ఈ 'రేడియో'కు మన ఇంటి రేడియోపెట్టెతో పనిలేదు.) ఆ ద్రవము ఆమ్లము కనుక దానికి తుప్పుపట్టని స్టెయిన్‌లెస్ ఉక్కు తొట్లు కావలెను. యుద్ధకాలమున అట్టి ఉక్కు అరుదు. అందుచే సామాన్యమైన ఉక్కుతో తొట్లు చేసి, చుట్టును కాంక్రీటు పోసి, భూమిలో పాతిరి. తొట్టిని ఆమ్లము తినివేయకుండుటకు ద్రవములో కాస్టిక్ సోడా కలిపిరి. దానివలన ద్రవపు పరిమాణము పెరిగెను. లోహములు విరిగి అడుగున గట్టి మడ్డియై పేరుకొనెను. నడుమ ఉప్పు గడ్డకట్టెను. పైన తేట నిలిచెను. ఒక ఇల్లాలు కుండ అడుగంటినప్పుడు పడు పాట్లు తలచుకొన్నచో, తరువాతివారి పాట్లు కొంత ఊహకందును. ఈ కుండలో చేయి పెట్టుటకు వీలులేదు, అంతే భేదము.

ఈ ఏర్పాటు తాత్కాలికమని ఆనాటివారి భావము. ఆ మాటను మనము కొంచెము పట్టి చూడవలెను. ఒంటిపొర తొట్లు 149 కట్టిరి; అవి సుమారు ఇరువది, ఇరువదియైదేండ్లు నిలుచునని తలచిరి. పిమ్మట రెండుపొరల తొట్లు 28. మొత్తము 177 తొట్లలో సుమారు 5 కోట్ల 60 లక్షల అమెరికా గ్యాలనుల వ్యర్థము, అనగా 21 కోట్ల లీటర్లు, చేరెను. తొట్లకు ఎక్కింపని తక్కువ తీవ్రతగల ద్రవమును నేలలోనికే వదలిరి. ప్లుటోనియమునకై ఆత్రము, మడ్డికై రేపు చూచుకొందమను నిదానము: యుద్ధము ముగిసిన తరువాతను ఆ రెండును ముగియలేదు.

1973లో 'టి-106' అను తొట్టి కారిపోయెను. ఇంచుమించు 1,15,000 గ్యాలనులు ఇసుకలోనికి దిగెను. సంగతి తెలియుటకు ఏడు వారములు పట్టెను. ద్రవమట్టము తగ్గుచున్నదని కొలతలు వ్రాయువారు వ్రాయుచునే యుండిరి. వానిని చదువవలసినవారు చదువలేదు! మొత్తముమీద 67 తొట్లు కారినవనియో, కారియుండవచ్చుననియో తరువాత లెక్క తేల్చిరి.

గాలిలోనికి పోయినది వేరు కథ. 1949 డిసెంబరులో, సోవియట్ కర్మాగారములను దూరమునుండి పసిగట్టు పద్ధతిని పరీక్షించుటకు, హాన్‌ఫర్డునుండి రేడియోధార్మిక అయొడిన్‌ను కావలెననియే వదలిరి. అయొడిన్ గడ్డిపై వ్రాలును, గడ్డినుండి ఆవుపాలలోనికి, పాలనుండి పిల్లల గొంతులోని థైరాయిడ్ గ్రంథిలోనికి చేరును. ఆ పాలు త్రాగిన ఇండ్లవారికి ఎవరును చెప్పలేదు. 1986లో ప్రభుత్వపు రహస్యపత్రములు సుమారు 19,000 పుటలు వెలువడిన పిమ్మటనే వారికి తెలిసినది. ముప్పదియారేండ్ల మౌనము. దీనిని శాస్త్రజ్ఞుల పొరపాటని సరిపెట్టుట మాకు సమ్మతము కాదు. ఇది పరిపాలకులు బుద్ధిపూర్వకముగ చేసినది.

1989 మే నెలలో కేంద్ర ఇంధనశాఖ, పర్యావరణ పరిరక్షణ సంస్థ, వాషింగ్టన్ రాష్ట్రము ఒప్పందము చేసికొని శుద్ధికి గడువులు నిర్ణయించెను. ఆ గడువులు పలుమార్లు జరిగినవి. పని సులభము కాదనుట నిజమే. 'ఎస్‌వై-101' అను తొట్టిలో మడ్డి క్రింద హైడ్రోజను వాయువు పోగై, కొన్నినెలల కొకసారి తొట్టి త్రేనుపువలె దానిని వెడలగ్రక్కుచుండెను. నిప్పురవ్వ తగిలిన ఏమగునో ఊహింపనక్కరలేదు. 1993లో లోపల కలియబెట్టు పంపు నొకటి దింపి ఆ త్రేనుపులను మాన్పిరి. ఒంటిపొర తొట్లలోని తేటను చాలవరకు రెండుపొరల తొట్లకు తోడివేసిరి. 2012లో ఆ రెండుపొరల తొట్లలోను ఒకదాని లోపొర కారుచున్నట్లు కనుగొనిరి.

వ్యర్థమును గాజుగా మార్చుట శాశ్వతోపాయమని నిపుణుల నిర్ణయము. గాజు నీటికి త్వరగా కరగదు, ఇసుకలోనికి కారదు. దానికై 2002లో మొదలైన కర్మాగారము తక్కువ తీవ్రతగల భాగమును గాజుచేయుట 2025 అక్టోబరులో ఆరంభించెను. వ్యర్థమును గాజుద్రవ్యములతో కలిపి 1,150 సెంటీగ్రేడు డిగ్రీల వేడిలో కరగించి ఉక్కుపాత్రలలో పోయుదురు; ఆ పాత్రలను హాన్‌ఫర్డులోనే పాతుదురు. తీవ్రమైన భాగమును గాజుచేయు శాల ఇంకను పూర్తికాలేదు. అది పూర్తియైనను ఆ గాజును దాచు లోతైన భూగృహము అమెరికాలో ఎచటను సిద్ధముగ లేదు.

అందలి సీజియము, స్ట్రాంషియము ముప్పదియేండ్లకొకసారి సగమగుచుండును. ప్లుటోనియము సగమగుటకు 24,000 ఏండ్లు కావలెను. 'బి' రియాక్టరు నేడు జాతీయ చారిత్రకోద్యానములో భాగము. యాత్రికులు వచ్చి చూచిపోయినారు. దారిలో హాన్‌ఫర్డు ఊరి ఉన్నత పాఠశాల కప్పులేని గోడలతో నిలిచియున్నది.