మాహిష్మతి బొమ్మలు, కాలకేయుల రంగు

వార్‌క్రాఫ్ట్ అనే ఆటలోని ఊహాలోకాన్ని 2007లో అమెరికాలో డీసీ సంస్థ కామిక్కులుగా అచ్చువేసింది. మన దగ్గర సినిమా ముందు పుట్టింది. 2015లో రాజమౌళి చూపిన మాహిష్మతిని గ్రాఫిక్ ఇండియా బొమ్మలకథగా మలిచింది. 2017లో మూన్‌ఫ్రాగ్ ల్యాబ్స్ సెల్‌ఫోన్ ఆటగా దించింది. ఒకే రాజ్యం మూడు సరుకులయింది.

సరుకు మారినా శత్రువు మారలేదు. ఆటలో పిల్లవాడు సైన్యాన్ని కూర్చి కాలకేయుల నుంచి మాహిష్మతిని కాపాడాలి. భారతంలో కాలకేయులు దానవులే అయినా హిరణ్యపురమనే నగరం ఉన్నవాళ్ళు. సినిమా వాళ్ళను నల్లరంగు పూసిన అనాగరిక మూకను చేసింది. మదన్ కార్కి వారికోసం సుమారు 750 మాటల కిలికి భాష కట్టాడు. కానీ ఆ భాషలో ఒక తల్లి బిడ్డను పిలవగా మనం వినం!

2017లో నెల్లిమర్లలో మా బడిపిల్లలు కిలికి మాటలతో వెక్కిరించుకునేవారు. ఆ వెక్కిరింత ఎక్కువగా ఏజెన్సీ నుంచి వచ్చిన నల్లపిల్లల మీదికే పోయేది. కొండమీది మనిషిపై పల్లపువాడి చిన్నచూపు పాతదే. దానికి కొత్త బొమ్మ దొరికింది.

అందుకని అద్భుతకథలే వద్దనే మన మిత్రుల మాట నేనొప్పను. కొడవటిగంటి కుటుంబరావు ‘చందమామ’ను నడిపిన రోజుల్లోనే దాసరి సుబ్రహ్మణ్యం ‘రాకాసిలోయ’ రాశారు, చిత్ర బొమ్మలు వేశారు. రాజులూ మాంత్రికులూ అందులోనూ ఉన్నారు, కాదనను. కాని కేశవుడి పక్కన గోమాంగ్ నడుస్తాడు, సహచరుడిగా. ఒడిశా సరిహద్దు సవరల ఇంటిపేర్లలో గొమాంగో ఒకటని మన జిల్లాలవారికి వేరే చెప్పనక్కర్లేదు.