లేని మూడు శతాబ్దాలు: ఒక కాలగణన కల్పన, శాసన సాక్ష్యం

క్రీ.శ. 614–911 మధ్యకాలం జరగనే లేదని, ఆ 297 సంవత్సరాలు తరువాతివారి కల్పన అని జర్మన్ రచయిత హెరిబర్ట్ ఇల్లిగ్ 1990వ దశకంలో ప్రతిపాదించాడు. క్రీ.పూ. 45లో అమలైన జూలియన్ క్యాలెండరులో పేరుకున్న దోషం సుమారు 13 రోజులు కాగా, 1582 సంస్కరణలో 10 రోజులే తొలగించారన్నది అతని ముఖ్య ఆధారం. అయితే ఆ సంస్కరణ విషువత్తును సరిచేసింది సీజర్ కాలానికి కాదు, 325 నాటి నైసియా సభ కాలానికి. అందుకు 10 రోజులే అవసరం.

కాలం ఐరోపాలో మాత్రమే లోపించజాలదు. ఇల్లిగ్ కొట్టివేసిన కాలంలోనే చైనాలో తాంగ్ వంశం (618–907) పాలించింది. 837లో అక్కడ నమోదైన హేలీ తోకచుక్క దర్శనం నేటి గణితానికి సరిపోతున్నది. రెండవ పులకేశి ఐహోళె శాసనం శక సంవత్సరం 556 (క్రీ.శ. 634–35) నాటిది. వేంగీ చాళుక్య రాజ్యస్థాపన, అద్దంకి పద్యశాసనం కూడా ఆ కాలానివే. క్రైస్తవ శకంతో సంబంధం లేని గణనలు పరస్పరం ఏకీభవించడమే ఈ వాదానికి సరైన సమాధానం.