స్టాన్ బ్రాకేజ్: ఎనిమిది మిల్లీమీటర్ల పాటలు

అమెరికన్ ప్రయోగాత్మక సినిమాలో స్టాన్ బ్రాకేజ్ (1933–2003) అంత విరివిగా పనిచేసినవాళ్లు అరుదు. 1952 నుంచి చనిపోయేదాకా మూడున్నర వందలకు పైగా సినిమాలు తీశాడు. కొన్ని నిమిషం కూడా ఉండవు. ‘ది ఆర్ట్ ఆఫ్ విజన్’ (1965) నాలుగు గంటలు దాటుతుంది. చాలావాటిలో కథ ఉండదు, మాట ఉండదు, సంగీతమూ ఉండదు.

కాన్సాస్ సిటీలో పుట్టి డెన్వర్‌లో పెరిగిన బ్రాకేజ్, కాలేజీ చదువు మధ్యలోనే వదిలేసి పందొమ్మిదో ఏట ‘ఇంటెరిమ్’ తీశాడు. తొలి చిత్రాల్లో పాత్రలు, చిన్నపాటి కథలు కనిపిస్తాయి. ‘యాంటిసిపేషన్ ఆఫ్ ద నైట్’ (1958)తో అవి వెనక్కి తగ్గాయి. అందులో మనిషి ప్రధానంగా నీడగానే కనిపిస్తాడు. చేతిలోని 16 ఎం.ఎం. కెమెరా అతని చూపులా కదులుతుంది. మరుసటి ఏడాది ఇంట్లోనే జరిగిన భార్య ప్రసవాన్ని ‘విండో వాటర్ బేబీ మూవింగ్’గా మలిచాడు. స్టూడియో లేనివాడికి ఇల్లే స్టూడియో అయింది.

1963 నాటి ‘మాత్‌లైట్’కు కెమెరా కూడా అక్కర్లేకపోయింది. చిమ్మెటల రెక్కలు, పూరేకులు, గడ్డిపరకలు రెండు పారదర్శక టేపుల మధ్య అతికించి, ఆ పట్టీని లాబొరేటరీలో ప్రింటు వేయించాడు. తెరమీద రెక్కల ఈనెలు క్షణంలో మెరిసి మాయమవుతాయి. అదే కాలంలో, మంచుకొండ ఎక్కే కట్టెలవాడి చుట్టూ నడిచే ‘డాగ్ స్టార్ మ్యాన్’ (1961–64)లో దృశ్యం మీద దృశ్యం పేర్చుతూ, చివరి భాగంలో నాలుగు పొరల దాకా వెళ్లాడు.

1964లో న్యూయార్క్‌లో అతని 16 ఎం.ఎం. సామగ్రి చోరీ అయింది. మళ్లీ కొనే స్తోమత లేక, ఇంటి వేడుకలు తీసుకోవడానికి అప్పట్లో జనం వాడే 8 ఎం.ఎం. కెమెరా కొన్నాడు. ఆ ఫిల్ము నిజానికి 16 మిల్లీమీటర్ల వెడల్పుదే. ముందు ఒక సగం తీసి, రీలు తిప్పి రెండో సగం తీసేవారు. కడిగాక నిలువునా చీల్చేవారు. ఒక్కో ఫ్రేము కందిపప్పు బద్దంత. ఖర్చు తగ్గింది, కెమెరా తేలికైంది. అలా 1969 దాకా సాగినవే ‘సాంగ్స్’. పిల్లలు, స్నేహితులు, ఇంటి పరిసరాలు వాటి వస్తువులు. వాటిలో అతి పెద్దది ‘23ర్డ్ సామ్ బ్రాంచ్’ (1966–67). వియత్నాం యుద్ధం టీవీలోంచి ఇంట్లోకి చొరబడిన రోజుల్లో, రెండో ప్రపంచయుద్ధపు పాత దృశ్యాలను తన ఇంటి దృశ్యాలతో కలిపి కూర్చాడు.

తర్వాత మళ్లీ 16 ఎం.ఎం.కు వచ్చాడు. 1971లో పిట్స్‌బర్గ్‌లోని శవపరీక్షల గదిలో ఒక చిత్రం తీశాడు. ‘ది టెక్స్ట్ ఆఫ్ లైట్’ (1974) గంటకు పైగా సాగుతుంది. అందులో ఉన్నదంతా ఒక గాజు యాష్‌ట్రేలో ఆడే వెలుగు. 1981 నుంచి బౌల్డర్‌లోని కొలరాడో విశ్వవిద్యాలయంలో పాఠాలు చెప్పాడు. క్రమంగా కెమెరాను పక్కనపెట్టి ఫిల్ము మీదే రంగులు వేయడం ఎక్కువైంది. ఏళ్ల తరబడి చిత్రించిన ‘ది డాంటే క్వార్టెట్’ (1987) పది నిమిషాలైనా ఉండదు.

1996లో క్యాన్సర్ బయటపడ్డా పని ఆగలేదు. ‘డాగ్ స్టార్ మ్యాన్’కు అప్పటికే, 1992లో, అమెరికా జాతీయ చలనచిత్ర రిజిస్ట్రీలో చోటు దక్కింది. 2003 మార్చి 9న కెనడాలోని విక్టోరియాలో కన్నుమూశాడు. చివరి చిత్రం ‘చైనీస్ సిరీస్’కు కెమెరా లేదు, రంగులూ లేవు. నల్ల ఫిల్మును ఉమ్మితో తడిపి, మెత్తబడ్డాక గోటితో గీశాడు.