బ్రెజిలు స్వాతంత్ర్యపు కప్పు

1822 సెప్టెంబరు 7వ తేదీన, సావో పాలో నగరము చెంత, ఇపిరంగా యను చిన్న వాగు ఒడ్డున, పోర్చుగలు రాకుమారుడు డోం పెడ్రో బ్రెజిలు ఇక స్వతంత్రదేశమని చాటెను. పాలకుల కుమారుడే పాలితులకు విమోచకుడగుట చరిత్రలో అరుదు. ఆ ఘట్టమునకు నూటయేబదియేండ్లు నిండిన 1972లో బ్రెజిలు ప్రభుత్వము పోర్చుగలునుండి డోం పెడ్రో అస్థికలను తెప్పించి దేశమంతట ఊరేగించెను. అంతటితో తృప్తిపడక ఒక అంతర్జాతీయ ఫుట్‌బాల్ పోటీని గూడ నడిపెను. శ్రోతలకు ఆ పోటీ కథనే మనవి చేయుదును.

జూన్ 11 మొదలు జూలై 9 వరకు జరిగిన ఈ 'స్వాతంత్ర్యపు కప్పు'ను జనులు 'మినీకోపా' యనిరి. అనగా చిన్న ప్రపంచకప్పు. పేరు చిన్నదే గాని ఏర్పాటు చిన్నది కాదు. ఆ కాలమున ప్రపంచకప్పు తుదిపోటీలలో పదునారు జట్లే ఆడుచుండగా, ఇచట ఇరువది జట్లు 44 ఆటలు ఆడెను. ఆఫ్రికా ఖండమంతటికి ఒక జట్టును కూర్చిరి. ఆసియానుండి ఇరాను వచ్చెను. ఇంగ్లండు, ఇటలీ, పశ్చిమ జర్మనీలు మాత్రము రాలేదు. దక్షిణమున పోర్టో అలెగ్రె మొదలు అమెజాను అడవుల నడుమనున్న మనౌస్ వరకు మైదానములు కళకళలాడెను.

ఇంత ఆర్భాటమునకు కారణము లేకపోలేదు. 1964లో సైన్యము అధికారమును చేజిక్కించుకొనెను. 1968 డిసెంబరు శాసనముతో పార్లమెంటు కొంతకాలము మూతపడెను. పత్రికల నోరు కట్టువడెను. రాజకీయ ఖైదీలకు న్యాయస్థానపు అండ కరవయ్యెను. 1970లో మెక్సికోలో గెలిచిన ప్రపంచకప్పు కాంతిలో అధ్యక్షుడు జనరల్ మెడిసి తానును వెలుగజూచెను. క్రీడాసమాఖ్య అధిపతి జోవో హవెలాంజ్ దృష్టి యన్ననో, ప్రపంచ ఫుట్‌బాల్ సంస్థ పీఠముపై నుండెను. స్వేచ్ఛ లేని యేలుబడిలో స్వాతంత్ర్యోత్సవము!

తుదియాట జూలై 9న రియో నగరపు మరకానా మైదానమున జరిగెను. ఎదుటి పక్షము మరెవరో కాదు, నాటి ఏలిక పోర్చుగలే. ఆ జట్టులోని మేటి యుసేబియో పుట్టినది మొజాంబిక్‌లో. 1964 నుండి అచటివారు పోర్చుగలు పాలనపై సాయుధపోరాటము సలుపుచుండిరి. ఒక దేశము పోర్చుగలునుండి విడివడిన పండుగలో, ఇంకను విడివడని దేశపు బిడ్డ పోర్చుగలు పక్షమున ఆడుట విధివిలాసము. బ్రెజిలు జట్టులో పెలే లేడు. 1971లోనే అతడు జాతీయజట్టునుండి విరమించెను. ఇరుపక్షములకు గోలు లేకయే కాలము కడచుచుండ, ఆట ముగియబోవు నిమిషమున జైర్జిన్యో బంతిని గోలులోనికి పంపెను. కప్పు బ్రెజిలుకు దక్కెను.

ఆ కప్పు మరల జరుగలేదు. 1974లో హవెలాంజ్ కోరిన పీఠమెక్కెను. ఆ యేడే పోర్చుగలులో నియంతృత్వము కూలెను. 1975లో మొజాంబిక్ స్వతంత్రమయ్యెను. బ్రెజిలులో సైనికపాలన తొలగుటకు 1985 వరకు వేచియుండవలసివచ్చెను.

మరకానాలో నాడు ఎగసిన హర్షధ్వానము బూటకము కాదు. జనులు తమ జట్టును ప్రేమించిరి, తమ దేశమును ప్రేమించిరి. ఆ ప్రేమను తమ ఖాతాలో వ్రాసికొనజూచిన పాలకులు గతించిరి, ఆట మిగిలినది. ఉత్సవము ఎవరు జరిపినను, స్వాతంత్ర్యము ప్రజలది.