సత్యవతి కాస్తా సత్‌వతీ దేవి అయితే...

మా తాడేపల్లిగూడెం వైపు 'మిలటరీ మాధవరం' తెలియనివాళ్ళుండరు. ఇంటికో సిపాయి అంటారు. మా నాన్నగారు కూడా 1994లో హవల్దారుగా రిటైరయ్యారు. అప్పట్లో రిటైరైన దంపతులకి మిలటరీ హాస్పిటలే దిక్కు, అదీ ఖాళీ ఉంటేనే. మాకైతే విశాఖో, సికింద్రాబాదో పోవాలి.

2003 ఏప్రిల్ 1న ఈసీహెచ్ఎస్ పథకం వచ్చింది. ముందు పాలీక్లినిక్‌లో చూస్తారు, అక్కడ కుదరకపోతే ఒప్పందం ఉన్న ప్రైవేటు హాస్పిటల్‌కి రాసిస్తారు. 1996 జనవరికి ముందు రిటైరైనవాళ్ళకి చందా కూడా లేదు. భార్యకి వయోపరిమితి లేదు. భర్త పోయినా, ఫ్యామిలీ పెన్షన్ వచ్చే భార్యకి హక్కు ఉంటుంది. బాగుంది కదా!

నాన్నగారు "మనకెందుకురా, బాగానే ఉన్నాం" అని కార్డు తీసుకోలేదు. ఆయన పోయాక అమ్మకి అప్లై చేద్దామని చూస్తే... సత్యవతి కాస్తా సర్వీసు రికార్డుల్లో 'సత్‌వతీ దేవి'! ఎప్పుడో యూనిట్ క్లర్కు తనకి వినబడినట్టు రాసేశాడన్నమాట. దిద్దించేసరికి పద్నాలుగు నెలలు. ఈలోగా మోకాలి ఆపరేషన్ మా జేబులోంచే అయింది.

ఊళ్ళోవాళ్ళ డేటా సరిచేసే ఉద్యోగం నాది. అమ్మ పేరు మాత్రం ఒక్కసారీ చూసుకోలేదు.

మీ ఇంట్లో మిలటరీ పెన్షనరుంటే ఈ ఆదివారమే పీపీఓ తీయండి. భార్య పేరు, పుట్టినతేదీ ఆధార్‌తో సరిపోయాయేమో చూడండి. ఆయన ఉండగానే.